మంగళగిరి అసెంబ్లీ సీటు: 12 ఓట్ల నుంచి 91 వేల దాకా, మధ్యలో ఏం జరిగింది?

నేతగాడి మనవడు:

మా తాత మంగళగిరిలో గుంట మగ్గం మీద చీరలు నేసేవాడు. నాన్న ఉద్యోగం కోసం ఊరు వదిలేశాడు, నేను పెరిగిందంతా బయటే, ఇప్పుడు పుణెలో ఉంటున్నా, ఓటు కూడా ఇక్కడే. అయినా ఏ ఎన్నికల ఫలితాలొచ్చినా ముందు మంగళగిరి చూశాకే మిగతావి చూస్తా, అదో పిచ్చి.

మొన్న ఊరెళ్తే భోజనాల దగ్గర పెదనాన్నకీ బాబాయికీ పెద్ద గొడవ. ‘ఈ సీటు టీడీపీకి అచ్చిరాదురా, పార్టీ పుట్టిన దగ్గర్నుంచీ ఇక్కడ గెలిచింది లేదు, 2024లో ఏదో గాలికి కొట్టుకొచ్చింది’ అని పెదనాన్న. ‘గాలికి 91 వేల మెజారిటీ వస్తుందా అన్నయ్యా, 2014లో పన్నెండు ఓట్లతో పోయిన సీటు ఇది’ అని బాబాయి. పెద్దమ్మ పెరుగు గిన్నె పట్టుకుని ‘వేసుకుంటారా, తీసేయమంటారా’ అని మూడుసార్లు అడిగింది, ఇద్దరికీ వినపడలేదు.

నాకు అసలు సంగతి తెలుసుకోవాలనుంది. టీడీపీ నిజంగానే 2024 దాకా ఎప్పుడూ గెలవలేదా? ఇంకోటి, నెట్లో ఒక పట్టిక దొరికింది, అందులో 1955 తర్వాత నేరుగా 1962 ఉంది. 1957 ఎన్నికలు ఏమైపోయాయి, పట్టిక తప్పా? ఆ 12 ఓట్ల కథ కూడా, మళ్లీ లెక్కించమని అడిగే వీలు ఉండదా? ఊరివాళ్లు, లెక్కలు తెలిసినవాళ్లు ఎవరైనా ఉంటే కాస్త ఓపిగ్గా చెప్పండి. ఒక పార్టీని ఎత్తడం, ఇంకోదాన్ని దించడం నాకొద్దు, అవి మా ఇంట్లోనే బోలెడు.

పాతలెక్కలు:

మీ పెదనాన్నగారి మాటలో ఒక తప్పుంది. టీడీపీ ఇక్కడ 1983లో గెలిచింది, 1985లోనూ గెలిచింది, రెండుసార్లూ ఎం.ఎస్.ఎస్.కోటేశ్వరరావు గారే ఎమ్మెల్యే. ఆ తర్వాత పెట్టుకుంది కరువు. 1989 నుంచి 2019 దాకా ఏడు ఎన్నికలు జరిగితే ఒక్కదాంట్లోనూ సైకిల్ గెలవలేదు. 1985కీ 2024కీ మధ్య 39 ఏళ్లు. అంటే 2019లో మొదటిసారి ఓటేసిన కుర్రాడి నాన్న కూడా ఇక్కడ టీడీపీ గెలుపు చూసి ఉండకపోవచ్చు, అందుకే ‘ఎప్పుడూ గెలవలేదు’ అనే మాట పుట్టింది.

పట్టిక కరెక్టే. 1957లో మనకి అసెంబ్లీ ఎన్నికలు జరగలేదు. 1953లో ఆంధ్ర రాష్ట్రం వచ్చింది, 1954 నవంబర్‌లో ప్రకాశం పంతులు గారి ప్రభుత్వం మద్యనిషేధం గొడవలో పడిపోయింది, దాంతో 1955లో మధ్యంతర ఎన్నికలు. 1956 నవంబర్ 1న ఆంధ్రప్రదేశ్ ఏర్పడింది. 1957లో దేశమంతా ఎన్నికలు జరిగినప్పుడు అసెంబ్లీకి తెలంగాణ ప్రాంతంలోనే జరిపారు. కోస్తా, రాయలసీమ సభ్యులు 1955లో గెలిచినవాళ్లే 1962 దాకా కొనసాగారు. గుంటూరు, కృష్ణా, నెల్లూరు, కర్నూలు, ఏ సీటు పట్టిక చూసినా ఇదే ఖాళీ కనిపిస్తుంది.

ఇక అసలు చరిత్ర. ఇది మొదట్లో ఎర్రజెండా సీటు, ఈ తరానికి ఆ సంగతే తెలియదు. 1952లో కమ్యూనిస్టులు, 1955లో కాంగ్రెస్ (ఆ ఏడాది కమ్యూనిస్టులకి 196 సీట్లలో 15 వచ్చాయి, ఇక్కడ ఓడటంలో వింత లేదు), 1962లో సీపీఐ, 1967లో కాంగ్రెస్, 1972లో మళ్లీ సీపీఐ. గోడకి కొట్టిన బంతిలా అటూ ఇటూ. 1962లోనూ 1972లోనూ గెలిచింది వేములపల్లి శ్రీకృష్ణ గారు, తెలుగువాళ్ల సభల్లో ఇప్పటికీ పాడే ఒక గీతాన్ని రాసిన కవి ఆయనే. పాట అందరికీ వచ్చు, రాసినాయన మంగళగిరి ఎమ్మెల్యే అంటే మాత్రం నోరు తెరుస్తారు.

1978లో చూడండి, రాష్ట్రమంతా ఇందిరమ్మ చెయ్యి గుర్తు ఊడ్చేసింది, 294లో 175. ఇక్కడ మాత్రం జనతా పార్టీ తరఫున జి.వి.రత్తయ్య గారు. 1989లో కాంగ్రెస్ నుంచి గోలి వీరాంజనేయులు గారు. 1994లో సీపీఎం నుంచి నిమ్మగడ్డ రామమోహనరావు గారు. 1999లో చంద్రబాబు గారికి 180 సీట్లు వచ్చాయి, ఇక్కడ గెలిచింది మాత్రం కాంగ్రెస్ మురుగుడు హనుమంతరావు గారు, 2004లో కూడా ఆయనే. 2009లో కాంగ్రెస్ కాండ్రు కమల గారు. 2014, 2019 వైసీపీ ఆళ్ల రామకృష్ణారెడ్డి గారు.

మొత్తం పదహారు ఎన్నికలు. కాంగ్రెస్ ఆరు, రెండు కమ్యూనిస్టు పార్టీలకీ కలిపి నాలుగు, టీడీపీకి 2024తో కలిపి మూడు, వైసీపీకి రెండు, జనతాకి ఒకటి.

‘అచ్చిరాదు’ అనేవాళ్లు ఒకటి మర్చిపోతున్నారు. పొత్తు కుదిరినప్పుడల్లా టీడీపీ ఈ సీటుని మిత్రపక్షాలకి ఇచ్చేసే అలవాటు చేసుకుంది. 1994 గెలుపు అలా వచ్చిందే, టీడీపీ మద్దతుతో సీపీఎం గెలిచింది. దాన్ని ఓటమి ఖాతాలో ఎలా వేస్తాం? ఊళ్లో జెండా మోసేవాళ్లు ఉన్నా బ్యాలెట్ మీద వాళ్ల గుర్తు లేకపోతే పదేళ్లు పదిహేనేళ్లలో కేడర్ చెదిరిపోతుంది. నన్నడిగితే జాతకం కంటే సీట్ల సర్దుబాటుదే తప్పు.

ఆ పన్నెండులో ఒకడు:

అన్నా, నా పేరు చూస్తేనే అర్థమై ఉంటుంది.

2014 మే 7న పోలింగ్. అంతకు రెండ్రోజుల ముందు ఒంగోలులో మా మేనత్త వాళ్లింట్లో గృహప్రవేశం, అమ్మ, నాన్న, అక్క, నేను నలుగురం వెళ్లాం. పోలింగ్ రోజు పొద్దున్నే బయల్దేరి వచ్చేద్దాం అనుకున్నాం. మేనత్త ‘ఎండల్లో ఎక్కడికి, సాయంత్రం వెళ్లండి’ అంది, నాన్న కూడా ‘మన నాలుగు ఓట్లతో ఏం తిరగబడుతుందిలే’ అన్నాడు. ఆ మాట ఆయన ఇప్పటికీ ఒప్పుకోడు, అనలేదంటాడు.

మే 16న ఫలితాలు. మా వీధి చివర టీ కొట్లో చిన్న టీవీ, నలభై మంది దాకా నిలబడి చూస్తున్నాం. రాష్ట్రం సంగతి మధ్యాహ్నానికే తేలిపోయింది, జనం కళ్లు మాత్రం కింద వెళ్లే స్క్రోలింగ్ మీదే. మంగళగిరి పేరు కనపడగానే ‘వచ్చింది వచ్చింది’ అని అరవడం, చదివేలోపు వెళ్లిపోవడం. చివరికి ఎవరో ఫోన్‌లో విని చెప్పాడు, పన్నెండు అని. పన్నెండు వందలా అని అడిగాం. కాదు, డజను. టీ కొట్టాయన గ్లాసులు కడుగుతున్నవాడు కడుగుతున్నట్టే ఆగిపోయాడు.

ఆళ్ల గారికి 88,977, టీడీపీ గంజి చిరంజీవి గారికి 88,965. కొండ మీద పానకాల స్వామి పానకం సగం తాగి సగం భక్తుడికి వదిలేస్తాడంటారు కదా, ఆ ఏడాది మంగళగిరి ఓటరు కూడా అచ్చం అలాగే చేశాడు, కాకపోతే స్వామి పన్నెండు చుక్కలు ఎక్కువ తాగాడు.

అప్పట్నుంచీ ప్రతి ఎన్నికకీ అమ్మ వారం ముందే చెప్పేస్తుంది, ఎవరింట్లో ఏ శుభకార్యమైనా పోలింగ్ అయ్యాకే వెళ్తాం అని. మేం వేసి ఉంటే ఎవరికి వేసేవాళ్లమో చెప్పను, నలుగురం ఒకరికే వేసేవాళ్లం కూడా కాదు. కానీ ‘ఆ పన్నెండు మావల్లే’ అని చెప్పుకునేవాళ్లు ఊళ్లో పన్నెండు వేల మంది ఉంటారు, అందులో మేమూ ఉన్నాం.

టేబుల్ నంబర్ 9:

రీకౌంటింగ్ గురించి అడిగారు కాబట్టి చెప్తున్నా, నేను వేరే జిల్లాలో రెండుసార్లు ఒక అభ్యర్థికి కౌంటింగ్ ఏజెంటుగా కూర్చున్నా.

అడిగే హక్కు ఉంది. చివరి లెక్కలు చదివి వినిపించాక, ఫలితం ప్రకటించకముందే, అభ్యర్థి గానీ ఆయన ఏజెంటు గానీ కారణాలు రాసి రిటర్నింగ్ అధికారికి కాగితం ఇవ్వాలి. 1961 ఎన్నికల నిర్వహణ నియమాల్లో 63వది. ఒప్పుకోవడం, కొంతవరకే ఒప్పుకోవడం, కొట్టేయడం అధికారి ఇష్టం, కొట్టేస్తే ఎందుకో రాసి ఇవ్వాలి. ‘తేడా తక్కువ’ అన్న ఒక్క ముక్కతో పని జరగదు, ఏ టేబుల్‌లో ఏ రౌండులో ఏం అనుమానమో చెప్పగలగాలి. ఫలితం ప్రకటించేశాక ఇక ఆయన చేతుల్లో ఏమీ ఉండదు, హైకోర్టులో 45 రోజుల్లోపు ఎన్నికల పిటిషన్ వేసుకోవాల్సిందే.

బయటివాళ్లకి తెలియని మాట ఒకటి. ఈవీఎంలో మళ్లీ లెక్కించడానికి పెద్దగా ఏముంటుంది, బటన్ ఎన్నిసార్లు నొక్కినా అదే అంకె. తేడాలు వచ్చే చోటు పోస్టల్ బ్యాలెట్లు. సంతకం లేదనో, డిక్లరేషన్ కవర్లో పెట్టలేదనో పక్కన పడేసేవి ఉంటాయి. అందుకే గెలుపు తేడా కంటే అలా తిరస్కరించిన పోస్టల్ ఓట్లే ఎక్కువ ఉంటే వాటన్నిటినీ మళ్లీ సరిచూడాలని కమిషన్ సూచన ఉంది. ఉద్యోగుల ఓట్ల దగ్గర ఏజెంట్లు గొంతులు పోయేలా వాదించేది ఇందుకే. నేను కూర్చున్న టేబుల్ దగ్గర ఒక్క కవరు మీద ఇరవై నిమిషాలు నడిచింది. ఆ సీటులో మెజారిటీ ఇరవై వేల పైన, ఆ కవరు ఎటు పోయినా ఒరిగేదేమీ లేదు. అయినా వదల్లేదు.

పెనుమాక పూలబండి:

2014 గురించి అందరూ చెప్తారు, 2019 గురించి ఎవరూ సరిగ్గా చెప్పరు. నేను చెప్తా, మాది పెనుమాక.

రాజధాని ప్రకటించాక నియోజకవర్గం రెండు ముక్కలైంది. ల్యాండ్ పూలింగ్‌లో (రైతు రాజధానికి భూమిస్తే బదులుగా స్థలాలిచ్చే పద్ధతి) జరీబు భూమి ఎకరానికి 1,000 గజాల ఇంటి స్థలం, 450 గజాల కమర్షియల్ స్థలం, మెట్టకైతే 1,000, 250 అన్నారు. మెట్ట చేలున్న ఊళ్లలో చాలామంది ఇచ్చేశారు. మావి, ఉండవల్లి వాళ్లవి జరీబు భూములు, సంగతి వేరు. ఏడాది పొడుగునా పంట వచ్చే నేల, పూలు, కూరగాయలు, అరటి. రాత్రి రెండింటికి లేచి మల్లెలు కోసి తెల్లారేసరికి బెజవాడ మార్కెట్‌కి చేరిస్తే పొద్దున ఏడింటికి చేతిలో డబ్బు. అలాంటి వాళ్లకి పదేళ్ల తర్వాత వచ్చే గజాల లెక్క చెప్తే ఎలా ఎక్కుతుంది? ఆర్కే గారు (ఆళ్ల గారిని ఇక్కడ అందరూ అలాగే అంటారు) రైతుల తరఫున కోర్టులకి తిరిగారు. మంగళగిరిలో నాలుగు రూపాయలకి భోజనం పెట్టించారు. నచ్చినవాళ్లకి నచ్చింది, నచ్చనివాళ్లకి లేదు, కానీ మనిషి ఊళ్లో కనపడేవాడు.

అటువైపు లోకేశ్ గారి పేరు 2019 మార్చిలో ఖరారైంది, పోలింగ్ ఏప్రిల్ 11. నెల కూడా లేదు. అప్పటికి ఆయన ఎమ్మెల్సీ, మంత్రి, నేరుగా జనం దగ్గరికి రావడం అదే మొదలు. జనసేన, వామపక్షాల కూటమి తరఫున సీపీఐ నుంచి ముప్పాళ్ల నాగేశ్వరరావు గారు కూడా బరిలో ఉన్నారు. ఆళ్ల గారికి 1,08,464, లోకేశ్ గారికి 1,03,127. తేడా 5,337.

రాష్ట్రంలో టీడీపీ 23కి పడిపోయిన ఏడాది అది. అయినా ఇక్కడ 2014 కంటే టీడీపీకి 14,162 ఓట్లు పెరిగాయి. వైసీపీకి 19,487 పెరిగాయి కాబట్టి ఓడింది. ఇంకో వింత, అదే రోజు అదే బూత్‌లో వేసిన గుంటూరు పార్లమెంటు ఓటులో మొత్తం ఏడు సెగ్మెంట్లు కలిపి టీడీపీ గల్లా జయదేవ్ గారు 4,205తో బయటపడ్డారు. కొడుకు ఓడిపోయాడు, పార్టీ కుప్పకూలింది అని టీవీలో చెప్పినంత సింపుల్‌గా లేదు ఇక్కడి లెక్క. నేనప్పుడు ఎవరికి వేశానో మా ఊరు పేరు చూసి ఊహించుకోండి. 2024లో అటు వేయలేదు, అదీ చెప్తున్నా.

దుగ్గిరాల పసుపు కొమ్ము:

పెనుమాక అన్నయ్య చెప్పింది బాగుంది గానీ ఎప్పుడూ రాజధాని, మంగళగిరి టౌను, ఇవేనా? మా దుగ్గిరాలని కూడా తలుచుకోండి. 2009కి ముందు మాకు సొంత అసెంబ్లీ సీటు ఉండేది, పునర్విభజనలో రద్దు చేసి మండలాన్ని మంగళగిరికి కలిపేశారు. ఇప్పుడు మూడు మండలాలు, మంగళగిరి, తాడేపల్లి, దుగ్గిరాల. అంటే 2004 దాకా ఉన్న లెక్కలకీ 2009 తర్వాత లెక్కలకీ పేరు ఒకటే, ఓటర్లు వేరు. ‘39 ఏళ్ల సీటు’ అనేటప్పుడు ఇది గుర్తుపెట్టుకోవాలి, మేం ఆ లెక్కలోకి వచ్చింది 2009లోనే. పసుపు యార్డులో గోనె సంచుల మీద కూర్చుని రేటు కోసం ఎదురుచూసే రైతుకీ, టౌన్లో మగ్గం గుంటలో కాళ్లు పెట్టుకుని కూర్చునే నేతన్నకీ, ఉండవల్లిలో ఎకరం కోట్లు పలికే ఆసామికీ కలిపి ఒకే ఎమ్మెల్యే. వాళ్లందరి మనసూ ఒకేసారి ఒకేవైపు తిరగడం 2024లోనే చూశా.

గాలి లేదని నేననను. కూటమికి 175లో 164 వచ్చిన ఎన్నిక, ఎవరు నిలబడ్డా గెలిచేవారేమో. కానీ 91,413 అంటే రాష్ట్రంలో మూడో పెద్ద మెజారిటీ, గాజువాక 95,235, భీమిలి 92,401, తర్వాత ఇదే. లోకేశ్ గారికి 1,67,710, వైసీపీ మురుగుడు లావణ్య గారికి 76,297. వైసీపీకి 2019 మీద తగ్గింది 32,167. టీడీపీకి పెరిగింది 64,583. అటు పోయిన ఓట్లన్నీ ఇటొచ్చాయనుకున్నా ఇంకా ముప్పై రెండు వేలు ఎక్కడివో చూసుకోవాలి. జనసేన పొత్తు, కొత్త ఓటర్లు, 2019లో ఇల్లు కదలనివాళ్లు, అందరూ కలిస్తేనే ఆ అంకె వస్తుంది.

అటుపక్క ఏం జరిగిందో కూడా చూడాలి. 2023 డిసెంబర్‌లో ఆళ్ల గారు ఎమ్మెల్యే పదవికి, పార్టీకి రాజీనామా చేశారు. జనవరిలో షర్మిల గారి వెంట కాంగ్రెస్‌లోకి వెళ్లి, ఫిబ్రవరిలో తిరిగొచ్చేశారు. ఈలోపు ఇన్‌చార్జిగా గంజి చిరంజీవి గారిని పెట్టారు, అవును, 2014లో టీడీపీ తరఫున 12 ఓట్లతో ఓడినాయనే. మార్చికల్లా ఆయన్నీ మార్చి లావణ్య గారికి టికెట్ ఇచ్చారు. ఆమె మాజీ ఎమ్మెల్యే కాండ్రు కమల గారి కూతురు, ఇంకో మాజీ ఎమ్మెల్యే మురుగుడు హనుమంతరావు గారి కోడలు. కాగితం మీద చూస్తే నేత కులాల ఓటు మొత్తం ఒక చోట చేర్చినట్టే ఉంటుంది. అలా అనుకున్నవాళ్లు నేతవాడి ఇంటి గడప దాటి లోపలికి రాలేదు.

మగ్గం గుంట:

పైన పసుపు కొమ్ము గారు గడప దగ్గర ఆగారు, లోపల సంగతి నేను చెప్తా, మాది ఆ ఇల్లే.

వైసీపీ ప్రభుత్వం నేతన్న నేస్తం పథకం కింద ఏడాదికి 24,000 ఇచ్చింది, అబద్ధం కాదు, అందుకున్నవాళ్లు ఉన్నారు, మా పక్కింటి వాళ్లకి వచ్చింది. కానీ సొంత మగ్గం ఉండాలి. మంగళగిరిలో ఎంతోమందికి సొంత మగ్గం లేదు, మాస్టర్ వీవర్ షెడ్డులో కూలికి నేస్తారు. మా ఆయన అలాగే. అదే చీర, అదే నిజాం బోర్డరు, అవే మోకాళ్ల నొప్పులు, పేరు మాత్రం లిస్టులో ఉండదు. వాలంటీరు కుర్రాడు వచ్చి ‘మగ్గం మీదేనా అక్కా’ అని అడిగి ఫోన్‌లో ఏదో నొక్కి వెళ్లిపోయేవాడు. వాడి తప్పేం లేదు, వాడికి అడగమన్నది అదే.

2019లో ఓడిపోయినాయన, లోకేశ్ గారు, వెళ్లిపోతాడనుకున్నాం. పోలేదు. తోపుడు బళ్లు, కుట్టు మిషన్ల శిక్షణ, మంచినీళ్ల ట్యాంకర్లు, అన్న క్యాంటీన్, ఏదో ఒకటి నడుస్తూనే ఉండేది. అదంతా ఓట్ల కోసమే, మాకు తెలియదా ఏంటి. ఓట్ల కోసమైనా ఐదేళ్లు తిరిగినవాళ్లని ఇంతకు ముందు నేను చూడలేదు. 2019లో మాకు పంచిన ఆయన ఫొటో కాగితం మా అత్తగారు డబ్బాలో అడుగున పరిచింది, 2024లో వచ్చినప్పుడు గుర్తుపట్టి పేరు పెట్టి పిలిచింది, అంతే తేడా.

ఇళ్ల పట్టాల విషయం కూడా రాయండి ఎవరైనా. ప్రభుత్వ స్థలాల్లో ఇరవై ముప్పై ఏళ్లుగా ఉంటూ కాగితం లేనివాళ్లు టౌన్లో చాలామంది. ప్రతి ఎన్నికకీ అందరూ మాటిచ్చేవాళ్లే. 2025 ఏప్రిల్‌లో పంచడం మొదలుపెట్టారు. అందరికీ వచ్చాయా అంటే ఇంకా రావాల్సినవాళ్లు ఉన్నారు, మా ఆడపడుచు ఇంకా ఎదురుచూస్తోంది.

పాతలెక్కలు:

మగ్గం గుంట గారూ, ఇంతసేపు నేను అంకెలు చెప్పాను గానీ మీ షెడ్డు ముక్క నాకు తెలియదు, థాంక్సండీ.

నేతగాడి మనవడు గారికి ఒక పని చెప్తా. బూత్ వారీ ఓట్లు కావాలంటే ఫారం 20 అని ఉంటుంది, రాష్ట్ర ప్రధాన ఎన్నికల అధికారి సైట్‌లో దొరుకుతుంది. 2014ది, 2019ది పక్కపక్కన పెట్టుకుని మీ తాతగారి వీధి బూత్ వెతకండి. బూత్ నంబర్లు మారుతుంటాయి, నంబర్ చూసి మోసపోకండి, స్కూలు పేరు చూడండి.

టేబుల్ నంబర్ 9:

ఫారం 20లో చివరి వరుసలో పోస్టల్ ఓట్లు విడిగా ఉంటాయి, 2014ది చూసేటప్పుడు అది మర్చిపోవద్దు.

ఆ పన్నెండులో ఒకడు:

ముగ్గురు పార్టీ అధినేతలూ ఇక్కడే ఓటేస్తారని మా ఫ్రెండ్స్ పందెం కాస్తున్నారు, నిజమేనా?

పాతలెక్కలు:

పందెం కాయకండి. 2024లో చంద్రబాబు గారు, లోకేశ్ గారు ఉండవల్లిలో వేశారు, పవన్ కల్యాణ్ గారు మంగళగిరిలో వేశారు. జగన్ గారు ఉండేది తాడేపల్లే అయినా ఓటు పులివెందులలో. కాకపోతే మూడు పార్టీల రాష్ట్ర ఆఫీసులూ ఈ ఒక్క నియోజకవర్గంలోనే ఉన్నాయి, ఆ పందెమైతే గెలుస్తారు.

నేతగాడి మనవడు:

అందరికీ చాలా థాంక్స్. ఫారం 20 దించుకున్నా, స్కాన్ కాపీ, కళ్లు పోతున్నాయి, తాత వీధి స్కూలు ఇంకా దొరకలేదు.

రాత్రి పెదనాన్నకి ఫోన్ చేసి చెప్పా, 1983లో, 1985లో టీడీపీ గెలిచిందట, కోటేశ్వరరావు గారట అని. కాసేపు మాట్లాడలేదు. తర్వాత ‘అది రామారావు గెలుపురా, పార్టీది కాదు’ అని పెట్టేశాడు.